బదులు కూత

పోయిన వారం ఆర్డెల్లాను సామాన్ల కొట్టు గుమ్మంలో నిలబెట్టి వదిలేశాం. బుట్ట బోర్లా పడి ఆమె కాళ్ళ దగ్గర పద్నాలుగు కోడిగుడ్లు పగిలి ఉన్నాయి. కొట్టు లోపల గ్రామఫోను మీద కొత్త రికార్డు తిరుగుతోంది. అందులో ముక్కూమొహం తెలియని ఎవడో, చచ్చిపోయిన ఆమె మొగుడి కూతను పాట చేసి పాడుతున్నాడు.

మొగుడు టోబ్ పోయి నాలుగేళ్ళు దాటింది. మిసిసిపీ పొంగిన ఆ వసంతంలో దొరలు తుపాకులతో వచ్చి, నల్లవాళ్ళ ఇళ్ళలోంచి మగాళ్ళనందరినీ ఏటికట్ట మీదికి ఇసక మూటలు మొయ్యడానికి తోలుకుపోయారు. టోబ్‌ను పొద్దున తీసుకుపోయారు. మధ్యాహ్నం కాకుండానే కట్ట తెగింది. శవం దొరకలేదు. నీళ్ళు తీశాక చర్చి వెనక ఒక చెక్క పాతి, దాని ముందు ప్రార్థన చేసి, అప్పటికి నెల కూడా నిండని పిల్లను చంకన వేసుకుని నిలబడ్డ ఆర్డెల్లాను వితంతువు అన్నారు. ఆమె కూడా అలాగే అనుకుంది.

గుడ్లు పగిలింది బుధవారం. ఇవాళ శనివారం. రేపు ఆదివారం ఆరాధన కాగానే న్యూ గిల్గాల్ చర్చిలో ఆర్డెల్లాకూ, చర్చి పెద్ద డీకన్ లెమ్యుయెల్ గెయిన్స్‌కూ పెళ్ళి. చిలగడదుంపల పిండివంట అయిపోయింది, గౌను ఇస్త్రీ అయిపోయింది, ఇక కోళ్ళు కోసుకోవడమే తరువాయి. సరిగ్గా ఇలాంటి రోజు చూసుకుని, ఆ రికార్డులో పాడిన హోసియా పికెన్స్ అనేవాడు ఊళ్ళోకి దిగాడు. రికార్డులు అమ్ముడుపోవాలని కొట్టు దొరే అతన్ని రప్పించి, వరండాలో కుర్చీ వేసి కూచోబెట్టాడు.

శనివారం మధ్యాహ్నం పత్తి ఏరడం ఆపేస్తారు కనక ఊరంతా ఆ కొట్టు ముందే ఉంది.

"నువ్వక్కడికి వెళ్ళకు," అంది అత్త ఎల్జోరా, బండి దిగకుండానే. ఆమె టోబ్ తల్లి. కొడుకు పోయాక కోడలూ తనూ ఒకే కప్పు కింద ఉంటున్నారు. కింది పెదవి లోపల నశ్యం ఉండడంతో మాట ముద్దగా వచ్చింది.

"వెళ్తానత్తా."

"రేపు పెళ్ళి పెట్టుకుని ఇవాళ దయ్యం పాటలవాడితో బజార్లో మాటలేంటే? జనం నవ్విపోతారు."

"నవ్వనీ. నవ్వి నవ్వి నోళ్ళు నొప్పెడితే వాళ్ళే ఊరుకుంటారు."

"ఒసేయ్, ఆ పాటలో ఉన్న ఓలా మే అనే పేరు జిల్లాకి పాతికమందికి ఉంటుంది. వాడు ఉంచుకున్నదాని పేరే ఓలా మే అయ్యుండొచ్చు."

"అయ్యుండొచ్చు. మరి నీ కొడుకు కూత వాడి నోట్లోకి ఎలా వచ్చిందో?"

ఎల్జోరా బండికి కట్టిన ముసలి కంచర గాడిద చెవుల వంక చూస్తూ కూచుంది.

ఆ చేలల్లో ఎవరి కూత వాళ్ళది. మొహం ఆనవాలు పట్టలేనంత దూరంలో, పొద్దువాలే వేళ, పని దింపి ఇంటికి మళ్ళే మనిషి గొంతెత్తి ఒక కూత పెడతాడు. ఇంట్లో పొయ్యి దగ్గరున్నవాళ్ళు అది విని, ఫలానావాడు వస్తున్నాడు, రొట్టె పెనం మీద వెయ్యొచ్చు అనుకుంటారు. ఇంకొకడి కూత పెట్టడమంటే వాడి చొక్కా తొడుక్కుని వాడింట్లో భోజనానికి కూచోవడంతో సమానం, ఎంత తాగినవాడైనా ఆ పని చెయ్యడు. టోబ్ కూతలో మొదటి సగం వాళ్ళ నాన్నది. తండ్రి పోయాక దాన్ని తీసుకుని చివర తనదొక మెలిక కలిపాడు, ఆ మెలిక చివర పెళ్ళాం పేరు పెట్టుకునేవాడు.

అయితే రికార్డులో ఉన్నది పెళ్ళాం పేరు కాదు. ఓలా మే. ఆ పొద్దున తుపాకీవాళ్ళు గుమ్మంలో నిలబడి తొందరపెడుతుంటే, టోబ్ ఆమె కడుపు మీద చెయ్యి వేసి, ఆడపిల్లయితే ఓలా మే అని మీ అమ్మ పేరు పెట్టుకుందాం అన్నాడు. పుట్టని బిడ్డకి పేరు పెట్టినట్టు పైకి చెప్పకూడదు కనక ఆమె తల ఊపి ఊరుకుంది. ఆ పేరు విన్నది ఇద్దరే. రెండు మూడు గంటల్లో కట్ట తెగింది. కట్టతో పాటే కొట్టుకుపోయినవాడికి, కాడి దింపి నింపాదిగా ఆ పేరును కూతలో కలుపుకునే సాయంత్రం ఎక్కడ దొరికింది? బుధవారం నుంచి ఆర్డెల్లాకు అన్నం సహించకుండా చేస్తున్న ప్రశ్న ఇదే. జవాబు తెలిసినవాడు పాతికడుగుల దూరంలో గిటారు తీగలు బిగించుకుంటున్నాడు.

ఆమె బండి దిగి నడిచింది.

వీధికి అవతల, గుర్రాలు కట్టే కమ్మీ దగ్గర లెమ్యుయెల్ నిలబడి ఉన్నాడు. నల్ల కోటు, నల్ల టోపీ, చేతిలో పగ్గాలు. జిల్లా మొత్తానికి అంత చక్కటి కంచర గాడిదల జోడీ ఆయనకే ఉంది. లెమ్యుయెల్ మంచివాడు, నేనేమీ వెటకారానికి అనడం లేదు. వరద తర్వాత ఆ అత్తాకోడళ్ళ ఇంటి కప్పు నేసింది ఆయనే. జబ్బుపడ్డ రోజుల్లో మొక్కజొన్న పిండి మూట గుమ్మంలో పెట్టి, తలుపు తట్టకుండా వెళ్ళిపోయింది ఆయనే. చర్చిలో చదువొచ్చిన మనిషి ఆయనొక్కడే కనక ఎవరికి ఉత్తరం వచ్చినా ఆయన చేతి మీదుగానే వస్తుంది, ఆయన నోటితోనే వినాలి. ఆర్డెల్లాను పెళ్ళాడమని అడిగి, ఆమె సరే అనడానికి అయిదు నెలలు పడితే ఆ అయిదు నెలలూ ఒక్కసారి కూడా మళ్ళీ అడగలేదు. ఇప్పుడామె వరండా వైపు వెళ్ళడం చూసి ఆయన మొహంలో రంగు మారింది.

హోసియా పికెన్స్ బక్కపలచటి మనిషి. రెండు రంగుల బూట్లు, చిటికెన వేలికి పగలగొట్టి నునుపు చేసిన సీసా మెడ. నవ్వితే మొహంలో సగం పళ్ళే. జనంలో ఎవరో, "నీ బూట్లు రెండూ ఒకే జతవేనా?" అని కేకేస్తే, "ఒకటి పెళ్ళాం కొనిచ్చింది, ఇంకోటి పెళ్ళాం చెల్లెలు కొనిచ్చింది," అన్నాడు. అందరూ నవ్వారు. ఆ నవ్వు ఆరకముందే పాట ఎత్తుకున్నాడు.

*పొద్దు వాలింది ఓలా మే, పశువుల కాడి దింపేశారు,*
*పొద్దు వాలింది ఓలా మే, పశువుల కాడి దింపేశారు,*
*నా మెడ మీది కాడి దింపేవాడు ఇంకా పుట్టనే లేదు.*

తర్వాత కూత. మామయ్యది మొదటి సగం, టోబ్ మెలిక, చివర ఓలా మే అని దీర్ఘం తీసి ఆగాడు. ఆగినచోట గొంతు బదులు సీసా మెడ తీగల మీద జారి కుయ్యోమంది. రెండు ఊపిర్లు తీసేంతసేపు అలా మూలిగి, మళ్ళీ చరణం అందుకుంది. ఆడవాళ్ళు కళ్ళు మూసుకుని ఊగుతున్నారు. పగలంతా వంగి పత్తి ఏరిన నడుములు కదా, ఆ పాట ఎక్కడ తగలాలో అక్కడే తగులుతోంది. ఆర్డెల్లాకు కూడా తగిలింది. అయినా మెట్టెక్కింది.

పాట అయ్యాక అడిగింది, "ఆ పాట ఎవరిది?"

"రికార్డు మీద ఎవరి పేరుంటే వాళ్ళది."

"నాకు చదువు రాదు. నోటితో చెప్పు."

"హోసియా పికెన్స్‌ది, అమ్మగారూ," అని కూచునే టోపీ ఎత్తాడు. "మెంఫిస్‌లో ఓలా మే అని ఒకతె ఉండేది. నా గుండె పిండేసి, నా కోటు అమ్ముకుని, రైలెక్కి పోయింది. ఆ కడుపుమంటతో కట్టాను."

"మనిషి ఎలా ఉంటుంది?"

"ఎలా ఉంటుందంటే... పొడుగ్గా, తేనె రంగులో, పక్కన ఒక బంగారప్పన్ను..."

"మా ఓలా మేకి నాలుగేళ్ళు. ఇంకా బొటనవేలు చీకుతుంది."

జనం గొల్లుమన్నారు. హోసియా కూడా నవ్వాడు కానీ ఈసారి పళ్ళు తక్కువ కనిపించాయి.

"మధ్యలో ఆ సీసాతో మూలిగిస్తావే, అక్కడ మాటలెందుకు లేవు?" అంది ఆర్డెల్లా.

"అక్కడ గిటారు మాట్లాడుతుంది."

"ఎవరి తరఫున?"

"అమ్మా, నీకో దణ్ణం. పాట నాకు అలాగే వచ్చింది. నేనేం చేసేది?"

"వచ్చిందా? ఇప్పుడే కదా కట్టానన్నావు."

వెనక ఎవరో "అబ్బో" అన్నారు. హోసియా తీగ ఒకటి సవరించుకున్నాడు. అది సవరించనక్కర్లేని తీగ.

"ఇంకోసారి పాడు," అంది ఆమె. "ఆ చోటు రాగానే గిటారు మీంచి చెయ్యి తియ్యి. నేనడిగేది అంతే."

"ఎందుకు?"

"నీ పాటే అయితే భయమెందుకు?"

ఇంతమంది ముందు అలా అన్నాక ఏ పాటగాడూ కాదనలేడు. అతను గిటారు ఒళ్ళోకి లాక్కున్నాడు. అప్పుడు లెమ్యుయెల్ మెట్ల దగ్గరికి వచ్చి, తగ్గు గొంతుతో అన్నాడు.

"సిస్టర్ ఆర్డెల్లా. నువ్వు సంఘం ముందు నిలబడి మాటిచ్చావు. ఇక ఈ దయ్యం పాటలు నోట్లోకి రానివ్వనన్నావు. ఇప్పుడు నోరు తెరిచావంటే రేపు పీఠం ముందు నిలబెట్టి వెలి వేస్తారు. నేనడ్డం పడినా ఆగదు."

అది నిజమే. టోబ్ ఉన్న రోజుల్లో శనివారాలు అతను వాయిస్తే ఆమె పాడేది, నాలుగు మైళ్ళ అవతల నుంచి జనం వచ్చేవాళ్ళు. టోబ్ పోయాక ఆమె చర్చిలో లేచి, ఆ గొంతును మొగుడితో పాటే పూడ్చేశానని చెప్పింది. ఏడుస్తూ చెప్పింది, మనస్ఫూర్తిగా చెప్పింది. చర్చి ఆమెను పట్టుకుని నిలబెట్టింది, పిల్ల ఆకలితో ఉంటే పాలు పంపింది. వెలి అంటే ఆ ఆడవాళ్ళెవరూ రేపటి నుంచి పలకరించరు, పిల్లను ఆదివారం బడికి రానివ్వరు. వెలివేసిన ఆడదాన్ని డీకన్ పెళ్ళాడడం కూడా కుదరదు. ఇవన్నీ ఆమెకు తెలుసు.

"రేపటి సంగతి రేపు చూసుకుందాం డీకన్ గారూ," అంది. "ఇవాళ మా ఆయన పిలుస్తున్నాడు. పలక్కుండా ఎలా ఉండేది?"

హోసియా పాడాడు. పొద్దు వాలింది, కాడి దింపేశారు. కూత ఎత్తాడు, మెలిక తిప్పాడు, ఓలా మే అని ఆగాడు. చెయ్యి తీగల మీంచి లేపాడు.

ఆ ఖాళీలోకి ఆర్డెల్లా గొంతు వెళ్ళింది.

*వింటున్నా... వింటున్నా... అడుగు చూసుకు రావయ్యా...*

నాలుగేళ్ళు మూసిపెట్టిన గొంతు కదా, మొదటి మాట బొంగురుగా వచ్చింది. రెండో మాటకు దారి దొరికింది. మూడోదానికి వీధి చివర రైలు స్టేషన్ దగ్గర మూటలు ఎత్తుతున్నవాళ్ళు కూడా తలలు తిప్పారు. ప్రతి సాయంత్రం పొయ్యి దగ్గర నుంచి, గుమ్మంలో నిలబడి, చేతులకు పిండి ఉండగానే ఆమె మొగుడికి పెట్టిన బదులు అది. ఆ ఖాళీలో అది ఇంత ఎక్కువా కాలేదు, ఇంత తక్కువా కాలేదు. చివరి దీర్ఘం ఆగిన క్షణానికి, అలవాటు కొద్దీ హోసియా చెయ్యి తీగల మీదికి వచ్చింది, అక్కడి నుంచి చరణం మొదలవ్వాలి.

కానీ మొదలవ్వలేదు. హోసియా మొహం బూడిద రంగు అయిపోయింది.

అవతల బండి మీద ఎల్జోరా లేచి నిలబడింది. ఆమె నోట్లో నశ్యం గడ్డం మీదికి కారుతున్నా తుడుచుకోలేదు.

"పాట ఆపావేం?" అని జనంలోంచి ఎవరో అరిచారు. కొట్టులోంచి దొర తల బయటపెట్టి, ఏమైందని అడిగాడు. హోసియా ఉలిక్కిపడి లేచాడు. "తీగ తెగిందండీ దొరగారూ, చిటికెలో వస్తా," అని, ఆర్డెల్లా పక్కగా మెట్లు దిగుతూ పెదాలు కదపకుండా అన్నాడు, "బళ్ళు ఆపే దొడ్లోకి రా. ఇక్కడ కాదు."

కొట్టు పక్క సందులో బళ్ళు ఆపుకునే దొడ్డి ఉంది. అక్కడ పశువులు తప్ప ఎవరూ లేరు. ఎల్జోరా తమ బండిని అక్కడికే తోలుకొచ్చి, మోకాళ్ళ నొప్పి సంగతి మర్చిపోయి దిగింది. ఒక నిమిషం తర్వాత లెమ్యుయెల్ కూడా తన జోడీ కట్టిన బండిని నడిపించుకుంటూ వచ్చి కాస్త ఎడంగా నిలబడ్డాడు.

"ఈయనెవరు?" అన్నాడు హోసియా.

"మా చర్చి మనిషి. చెప్పు," అంది ఆర్డెల్లా.

"అక్కా, నేను ఆ పాట ఎక్కడ విన్నానో చెబితే నా మెడకి తాడు నేనే తగిలించుకున్నట్టు. నీకు అర్థమవుతోందా? ఆ దొరకి తెలిస్తే గంటలో కుక్కల్ని వదుల్తారు."

"పారిపోయి వచ్చావా?"

అతను తల ఊపాడు. "ఏటికి అవతల, ఆర్కన్సా ఒడ్డున ఖైదీల పొలం ఒకటుంది. తొమ్మిది నెలలున్నా. ఫిబ్రవరిలో పొగమంచు పట్టిన పొద్దున పారిపోయా."

"ఆయన?"

"నా పక్క వరసలో ఉండేవాడు. వరదలో కోళ్ళ గూడు పైకప్పు పట్టుకుని అవతలి ఒడ్డుకి కొట్టుకొచ్చాడంట. ఒంటి మీద చొక్కా కూడా లేదంట. పనీపాటా లేకుండా తిరుగుతున్నాడని పట్టుకుని ఆర్నెల్లు వేశారు. ఆర్నెల్లు అయ్యేసరికి ఇంకో ఆర్నెల్లు వేశారు. అలా వేస్తూనే ఉన్నారు." హోసియా సీసా మెడను వేలి నుంచి తీసి గుప్పిట్లో పెట్టుకున్నాడు. "సాయంత్రం పని దింపాక వరస తిరిగేముందు రోజూ కూత పెట్టేవాడు. పెట్టి ఆగేవాడు. రెండు ఊపిర్లు. గుర్రమ్మీద తుపాకీవాడు కూడా ఏమీ అనేవాడు కాదు, వాడికీ అలవాటైపోయింది. ఒకరోజు అడిగా, ఎందుకయ్యా రోజూ అలా ఆగుతావు, అవతల ఎవరున్నారని. 'ఇంట్లోవాళ్ళు మాట్లాడుతుంటే మధ్యలో నోరు పెట్టకూడదు' అన్నాడు."

ఎల్జోరా దొడ్డి కంచె పట్టుకుంది. ఆర్డెల్లా ఏమీ పట్టుకోలేదు. లోపల ఏదో విరగబోతోందని తెలుస్తూనే ఉంది కానీ, ఏడుపు మొదలైతే వినడం కుదరదని పళ్ళు బిగించింది.

"రికార్డు చేసేటప్పుడు ఆ ఖాళీ నాకు భయమేసింది అక్కా. అందుకే గిటారుతో పూడ్చా. ఓలా మే ఎవరో ఆయనా చెప్పలేదు, నేనూ అడగలేదు. ఆడదాని పేరు కదాని ప్రేమ పాట చేసేశా. నిన్ను విన్నాక..." అతను ఆగాడు. "నువ్వు పెట్టిన బదులు సరిగ్గా అంతే ఉంది."

"బతికే ఉన్నాడా?"

"ఫిబ్రవరిలో నేను వచ్చేనాటికి ఉన్నాడు. దగ్గుతున్నాడు కానీ ఉన్నాడు."

"నాలుగేళ్ళు. ఒక్క కబురు పంపడానికి మనిషి దొరకలేదా?"

హోసియా ఆశ్చర్యంగా చూశాడు. "అదేంటి? ఉత్తరాలు అందలేదా?"

"ఏ ఉత్తరాలు?"

"అంతకుముందు రాయడం వచ్చినవాడు ఆయనకి దొరకలేదంట, నేను వచ్చాక నేనే రాసిపెట్టా. నవంబర్లో ఒకటి, జనవరిలో ఒకటి. వంటవాడికి నా పొగాకు మొత్తం ఇచ్చి బయటికి పంపించా. నీకు చదువు రాదని ఆయనే చెప్పాడు. అందుకని చర్చికి రాయమన్నాడు. న్యూ గిల్గాల్ చర్చి, డీకన్ లెమ్యుయెల్ గెయిన్స్ గారి ద్వారా, అని నా చేత్తోనే రాశా. ఆ డీకన్ బంగారంలాంటి మనిషి, ఉన్నది ఉన్నట్టు చదివి వినిపిస్తాడు, ఏం అనుమానం లేదన్నాడు."

కంచర గాడిద ఒకటి కాలితో నేల గీరింది.

ఎల్జోరా ముందు తిరిగింది. ఆర్డెల్లా తర్వాత తిరిగింది. ఇద్దరూ ఎవరి వంక చూస్తున్నారో గమనించి, హోసియా నోరు తెరుచుకుని అలాగే ఉండిపోయాడు.

లెమ్యుయెల్ టోపీ తీశాడు. అబద్ధమాడాలనుకుంటే ఆయనకు అప్పటికీ వీలుంది, ఉత్తరాలు దారిలో పోతుంటాయి. ఆయన అబద్ధమాడలేదు.

"రెండు కాదు," అన్నాడు. "నాలుగు."

"నా కొడుకు బతికున్నాడని తెలిసి," అంది ఎల్జోరా, "నా ఇంట్లో కూచుని నా చేతి కాఫీ తాగావు. నా కొడుక్కి పాతిన చెక్కకి నువ్వే కదరా సున్నం వేసింది!"

"అవునమ్మా."

"ఎందుకు?" అంది ఆర్డెల్లా. ఆమె గొంతు పెరగలేదు.

"మొదటి ఉత్తరం వచ్చేసరికి నేను నిన్ను అడిగి పదకొండు రోజులైంది. నువ్వింకా సరే అనలేదు. మర్నాడు చదువుదామనుకున్నా. మర్నాడు కూడా అలాగే అనుకున్నా." ఆయన టోపీ అంచును వేళ్ళతో తిప్పుతున్నాడు. "తర్వాత చదివితే, ఇన్నాళ్ళూ ఎందుకు చదవలేదని అడుగుతావు. నీ మీద ఆశతో చేశాను. అది చిన్న తప్పని అనడం లేదు."

"నాలుగూ ఎక్కడున్నాయి?"

"మూడు ఇంట్లో, బైబిల్లో ఉన్నాయి. ఇద్దరి చేతిరాతలు. నాలుగోది..." కోటు లోపలి జేబులోంచి ఒక కవరు తీశాడు. "ఇది సోమవారం వచ్చింది. చేత్తో రాసింది కాదు. ఆ పొలం ముద్ర ఉంది, మిషన్ మీద కొట్టారు. విప్పలేదు."

"మిగతా మూడూ విప్పావుగా."

"విప్పాను కనకే దీన్ని విప్పలేకపోయాను."

ఆర్డెల్లా వెళ్ళి ఆ కవరు తీసుకుంది. తేలిగ్గా ఉంది. లోపల ఒకే కాగితం ఉన్నట్టుంది. మిషన్ మీద కొట్టిన కాగితం ఆ చేలల్లో ఎవరి ఇంటికీ శుభం మోసుకు రాలేదు, ఆ సంగతి అక్కడున్న నలుగురికీ తెలుసు. ఎల్జోరా, "వద్దే, వద్దు, ఇవాళ్టికి వద్దు, ఇంకో పూట నా కొడుకుని బతకనీ," అని ఆమె చెయ్యి పట్టుకుంది.

"నాలుగేళ్ళు ఆయన పిలిచాడత్తా. నేను పలకలేదు. ఇంకో పూట కూడా ఆగమంటావా?" అని ఆమె చెయ్యి మెల్లగా విడిపించుకుంది. లెమ్యుయెల్ కవరు కోసం చెయ్యి చాపాడు, అలవాటు కొద్దీ చాపి ఉంటాడు. ఆర్డెల్లా ఆయన్ని దాటి, హోసియా చేతిలో పెట్టింది. "నువ్వు చదువు. ఆయన మాట నీ చేత్తోనే రాయించాడు, నీ నోటితోనే వింటాను."

ఆ ముద్ర చూడగానే హోసియా ఒక అడుగు వెనక్కి వేశాడు. అయినా చించాడు. కాగితం విప్పి పెదాలు కదుపుతూ పైనుంచి కిందికి చదువుకున్నాడు. ఇంకోసారి చదివాడు. తలెత్తి సూర్యుడెక్కడున్నాడో చూశాడు, తర్వాత ఎల్జోరా బండికి కట్టిన ముసలి కంచర గాడిదను చూశాడు.

"అక్కా," అన్నాడు, "ఈ బండి పొద్దువాలేలోగా ఏటి రేవుకి చేరుతుందా?"

"ఇదా?" అంది ఎల్జోరా. "ఇది రేపు పొద్దువాలేలోగా కూడా చేరదు."

కాగితంలో ఏముందని ఆర్డెల్లా అడగలేదు. ఆమె లెమ్యుయెల్ ఎదురుగా వెళ్ళి నిలబడి, ఆయన చేతిలోంచి జిల్లాలోకెల్లా చక్కటి జోడీ పగ్గాలు తీసుకుని, ఆయన బండెక్కింది.

"దారిలో చదువుదువుగాని," అంది హోసియాతో. "ఎక్కు."